పాటా, బాటా?

చాలా దినాల తరువాత రాస్తున్నాము. కొంచెం పొడవుగా ఉంటుంది, తీరిక ఉన్నప్పుడు చదవండి. మేము తమిళ మీడియంలో చదివినవాళ్ళము. తెలుగు అక్షరాలు రైల్వేలో రిటైరైన తరువాతే దిద్దుకున్నాము. తప్పులు కనిపిస్తే కింద రాయండి, సరిచేసుకుంటాము.

మా నాయన చేత్తో రాసిన పాటల నోటు ఒకటి మా ఇంట్లో బీరువాలో ఉంది. బడిపిల్లలు రాసే మామూలు నోటు. అట్ట ఎప్పుడో పోయింది. మా ఇంటామె పాత క్యాలెండరు కాగితంతో కొత్త అట్ట వేసి పెట్టింది. అందులో 11 పాటలు ఉన్నాయి. మార్గళి నెలలో తెల్లవారకముందే భజన గుంపు వీధుల్లో పాడుకుంటూ వచ్చేది కదా, అప్పుడు మా వాకిట్లో ముగ్గు పక్కన నిలబడి మా పెద్దత్త పాడిన పాటలు అవి. మాటలన్నీ తెలుగు. రాత అంతా తమిళం. మా నాయనకు తెలుగు మాట వచ్చు, తెలుగు అక్షరం రాదు. కినత్తుకడవు చుట్టుపక్కల మన ఇండ్లల్లో ఇది కొత్త సంగతి కాదు. ఇంట్లో మాట్లాడేది ఒకటి, బడిలో రాసేది ఒకటి. మూడు నాలుగు తరాలుగా ఇట్లనే జరుగుతా ఉంది.

పోయిన మార్గళిలో ఆ 11 పాటలనూ తెలుగు అక్షరాల్లో ఎత్తి రాయాలని కూర్చున్నాము. మా మనవరాలు తమిళం చదివేది, మేము తెలుగులో రాసేది. అట్ల ఒప్పందం. ఆరు పాటలు బాగానే జరిగినాయి. ఏడో పాట చివర ఆ పిల్ల నిలిచిపోయింది.

"తాతా, ఇది పాటనా, బాటనా?"

తమిళంలో ప కూ బ కూ ఒకటే అక్షరం. మా నాయన రాసినది ఎట్లయినా చదవచ్చు. సరే, అర్థం చూసి తేల్చుకుందామని పాట మొదటినుంచి చదివినాము. రాముడు అడవికి పోయిన తరువాత ఊరికి ఏమి మిగిలింది అని చెప్పే పాట అది. పాట అని చదివితే, రాముణ్ణి తలుచుకుని పాడే పాట మిగిలింది అని అర్థం. బాట అని చదివితే, ఆయన నడిచిపోయిన దారి మిగిలింది అని అర్థం. రెండూ పొసిగినాయి. రెండూ బాగున్నాయి. మా అత్త పాడింది మాత్రం ఒకటే.

ఆమె గొంతు మాకు ఇప్పటికీ చెవిలో ఉంది. ఆ ఒక్క మాట మాత్రం లేదు.

త్యాగయ్యగారి కీర్తనలు తమిళ అక్షరాల్లో అచ్చువేసే పుస్తకాలు మీలో చాలామంది చూసి ఉంటారు. వాటిలో అక్షరం పక్కన పైన చిన్న అంకెలు ఉంటాయి. క పక్కన 2 వేస్తే ఖ, 3 వేస్తే గ, 4 వేస్తే ఘ. ప పక్కన 3 వేస్తే బ. ఒక చిన్న 3 అంకె మా నాయన వేసి ఉంటే మాకు ఈ చిక్కు ఉండేది కాదు. ఆయనను తప్పు పట్టలేము. పక్క గదిలో అక్క ఉంది, పాట ఆయన నోట్లో ఉంది. తను మరచిపోతే చూసుకోవడానికి రాసుకున్నాడు. తను పోయిన తరువాత ఒకరు చదువుతారని రాసుకోలేదు.

ఇక్కడ మా ఉద్యోగం సంగతి ఒకటి చెప్పాలి. మేము రైల్వేలో చేరిన కొత్తలో గూడ్సు ఆఫీసులో రసీదులు రాసే పని. మధ్యలో కార్బన్ కాగితం పెట్టి గట్టిగా నొక్కి రాయాలి. పై కాగితంలో అంకె బాగా కనిపిస్తుంది, అడుగు కాగితానికి పోయేసరికి 3 ఏదో 8 ఏదో తెలియదు. ఒకసారి మేము రాసిన వ్యాగన్ నంబరును అవతలి స్టేషనులో వేరుగా చదివినారు. సరుకు దొరకడానికి నాలుగు దినాలు పట్టింది. మా పెద్ద గుమాస్తా కోపపడలేదు. ఆ అడుగు కాగితం తెచ్చి మా చేతిలో పెట్టి, "దీన్ని చదువు" అన్నారు. మేము రాసిందే, మాకే చదవ చేతకాలేదు. "నీకు తెలిసింది నువ్వు రాస్తివి. తెలియనివానికి రాయడమే గుమాస్తా పని" అన్నారు. ముప్పై ఏండ్లకు పైగా ఆ మాటతోనే ఉద్యోగం చేసినాము.

ఏడో పాట దగ్గర ఆగిపోయిన తరువాత మాకు ఒక ఆలోచన వచ్చింది. మన అత్తల పాటలే ఇట్లుంటే, అంత పెద్దవాళ్ళ పాటలు ఎట్ల నిలిచినాయి? త్యాగయ్యగారు 1767లో పుట్టి 1847లో పోయినారు. కాసెట్టు లేదు, ఫోను లేదు. ఆయన కచేరి చేసినవారు కాదు. ఇంట్లో రాముని ముందర కూర్చుని పాడినారు, వీధిలో ఉంఛవృత్తికి పోతూ పాడినారు. దేవునితో మాట్లాడుకున్న మాట అది. ఆ క్షణం దాటితే గాలిలో కలిసిపోవాల్సిందే. అయినా ఈ దినము సుమారు 700 కీర్తనలు మన చేతిలో ఉన్నాయి. పక్కన కూర్చుని రాసినవాళ్ళు ఉన్నందువల్లనే ఉన్నాయి.

ఆ రాసినవాళ్ళ గురించి మనము మాట్లాడుకోము. కచేరి పెడితే పాడినవారికి శాలువ, వాయించినవారికి శాలువ. రాసినవానికి శాలువ వేసింది మేము చూడలేదు.

వాళ్ళలో ముఖ్యమైనవారు వాలాజాపేట వేంకటరమణ భాగవతార్. 1781లో పుట్టినారు, 1874 వరకు ఉన్నారు. తంజావూరు పక్కన అయ్యంపేటలో ఉంటూ తిరువయ్యారుకు వచ్చి త్యాగయ్యగారి దగ్గర ఏండ్ల తరబడి నేర్చుకున్నారు. తరువాత వాలాజాపేటకు పోయి స్థిరపడినారు, అందుకే ఆ పేరు. గురువుగారి కూతురి పెండ్లికి ఈయన రాముని పటం ఒకటి మోసుకుని నడిచి వచ్చినారని, ఆ పటం చూసి త్యాగయ్యగారు అప్పటికప్పుడే ఒక కీర్తన పాడినారని కథగా చెప్తారు. గురువుగారు పాడుతా ఉంటే శిష్యుల్లో ఒకరు పల్లవి, ఒకరు అనుపల్లవి, ఒకరు చరణం పట్టుకుని రాసేవారని కూడా చెప్పుకుంటారు. ఇది విన్నప్పుడు మాకు నవ్వు వచ్చింది. బండి నిలిచేది రెండు నిముషాలు, దించే పార్సెల్లు ముప్పై అయితే మేమూ అట్లనే పంచుకుని రాసేవాళ్ళము.

ఈయనా, ఈయన కొడుకు కృష్ణస్వామి భాగవతారూ కాపాడిన ప్రతులను వాలాజాపేట ప్రతులు అంటారు. పాటల మాటలే కాదు, స్వరాలు కూడా రాసిపెట్టినారు. త్యాగయ్యగారి కాలంలో ఒక రాగం ఎట్ల నడిచింది అని ఇప్పుడు పరిశోధన చేసేవాళ్ళు ఆ ప్రతులనే చూస్తారు. రాసింది తెలుగు అక్షరాల్లో.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాము. వేంకటరమణ భాగవతార్ మాతృభాష తెలుగు కాదు. ఆయన సౌరాష్ట్రులు. ఇంట్లో సౌరాష్ట్రం మాట్లాడినారు, ఊళ్ళో తమిళం మాట్లాడినారు, గురువుగారి పాటను తెలుగులో రాసినారు. ఇంకొకరి భాషలో ఇంకొకరి పాటను ఒక్క ఒత్తు తప్పకూడదని కూర్చుని రాసినారు. మన ఇంట్లో తెలుగు, మన తొట్టిలిలో తెలుగు, మన పెండ్లి పాటలో తెలుగు. మనకు మన అత్త పాడింది పాటనో బాటనో తెలియదు.

ఆ ప్రతులు ఎక్కడ చేరినాయో తెలుసా? మదురైలో, సౌరాష్ట్ర సభలో. మన వాళ్ళకు మదురై పక్కింటి మాదిరి. మన నాయకర్లు ఏలిన ఊరు. మనకు అక్కడ పిల్లనిచ్చినవాళ్ళు ఉన్నారు, తెచ్చుకున్నవాళ్ళు ఉన్నారు. మన కినత్తుకడవులో 1915లో పడిన మీటర్ గేజి లైను తీసేసి, 2017లో బ్రాడ్ గేజి బండి వచ్చిన తరువాత పొల్లాచ్చి, పళని, దిండుక్కల్లు మీదుగా మదురైకి పోవడం ఇంకా సులువైంది. పాసు చేతిలో ఉన్న రైల్వే మనుషులము, ఎన్నిసార్లు పోయినామో లెక్క లేదు. మీనాక్షమ్మను చూసినాము, తిరుమల నాయకర్ మహలు చూసినాము, జిగర్తండా తాగి తిరిగి బండి ఎక్కినాము. ఆ మహలు చుట్టూ ఉండే వీధుల్లో సౌరాష్ట్రులు ఉన్నారని తెలుసు. త్యాగయ్యగారి పాటను తెలుగులో రాసిపెట్టిన చేతుల కాగితాలు ఆ ఊళ్ళోనే వాళ్ళ దగ్గర భద్రంగా ఉన్నాయని తెలియదు. ఎవరూ చెప్పలేదని కాదు. మేము అడగలేదు.

రాయడంలో కూడా మెట్లు ఉన్నాయని తరువాత తెలుసుకున్నాము. తాళ్ళపాక అన్నమయ్యగారిని తీసుకోండి. 1408లో పుట్టి 1503లో పోయినారు. 32,000 సంకీర్తనలు చెప్పినారని అంటారు. ఆయన కొడుకు పెద తిరుమలాచార్యుల కాలంలో వాటిని రాగిరేకుల మీద చెక్కించినారు. తిరుమల గుడిలో సంకీర్తన భండారం అనే చిన్న అరలో 2,000కు పైగా రేకులు చాలా కాలం పడి ఉన్నాయి. పోయిన నూరేండ్లలోనే సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి గారు, వేటూరి ప్రభాకరశాస్త్రి గారు, రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ గారు వంటి పెద్దలు కూర్చుని చదివి అచ్చుకు తెచ్చినారు. సుమారు 12,000 పాటలు దక్కినాయి. రాగిరేకు కాబట్టి చెదలు తినలేదు, ఇంకు కారలేదు. అక్షరం అక్షరంగానే ఉంది. అయితే రేకు మీద పాటకు రాగం పేరు ఉంది, స్వరం లేదు. మాట దక్కింది, మెట్టు పోయింది. ఈ దినము మనము వినే అన్నమయ్య పాటలు చాలావరకు ఈ కాలపు విద్వాంసులు కొత్తగా మెట్టు కట్టినవి. అవి బాగుండవని చెప్పడం లేదు. ఆయన కొండ మీద నిలబడి పాడింది ఎట్లుండెనో ఆ రేకు చెప్పదు.

వాలాజాపేటవారు మాటతో పాటు స్వరం రాసినారు. అది ఇంకో మెట్టు. అయితే స రి గ మ అని ఉత్త అక్షరం రాస్తే మన పాట రాదు. స్వరం ఊగుతుంది, జారుతుంది, ఒక చోట నొక్కి వదలాలి. దాన్ని కూడా కాగితం మీద పెట్టాలని కూర్చున్నవారు సుబ్బరామ దీక్షితులు. 1839లో పుట్టి 1906లో పోయినారు. ఎట్టయాపురం సంస్థాన విద్వాంసులు. ముత్తుస్వామి దీక్షితుల తమ్ముడు బాలుస్వామి దీక్షితులకు ఈయన కూతురి కొడుకు, ఆయనే దత్తు తీసుకున్నారు. 1904లో ఎట్టయాపురంలోనే సంగీత సంప్రదాయ ప్రదర్శిని అనే పెద్ద పుస్తకం అచ్చువేయించినారు. కంపితానికి ఒక గుర్తు, జారుకు ఒక గుర్తు, నొక్కుకు ఒక గుర్తు, స్ఫురితానికి ఒక గుర్తు. స్వరం మీద ఆ గుర్తు చూసి పాడేవాడు గొంతు ఊపాలి. తమిళ దేశంలో, తమిళ కుటుంబంలో పుట్టినవారు, ఆ పుస్తకం మొత్తం తెలుగులో రాసినారు. అప్పటికి ఇక్కడ సంగీతం రాసుకునే అక్షరం తెలుగే. తమిళులు దాన్ని చదవడానికి మద్రాసు మ్యూజిక్ అకాడమీ తమిళంలో వేసేదాకా చాలా ఏండ్లు ఆగవలసి వచ్చింది.

ఆయనను ఈ పుస్తకం రాయమని వెంటపడినవారు ఏ.ఎం. చిన్నస్వామి ముదలియార్. ఈయన కథ మాకు మరీ దగ్గర. మద్రాసు సెక్రటేరియట్టులో ఉద్యోగం. మతానికి క్రైస్తవులు. పగలు ఫైళ్ళు చూసుకుని, మిగిలిన పొద్దంతా మన కీర్తనలను వెళ్ళైకారుల గీతల పద్ధతిలో రాసినారు. వాలాజాపేట కృష్ణస్వామి భాగవతార్ దగ్గర త్యాగయ్యగారి పాటలు విని రాసుకున్నారు. 1890లలో పుస్తకంగా అచ్చు వేసినారు. ఈ పనిలో చేతి డబ్బు పోయింది, కండ్లు కూడా పోయినాయి.

చూడండి. సౌరాష్ట్రులు ఒకరు, తమిళ స్మార్తులు ఒకరు, తమిళ క్రైస్తవులు ఒకరు. తెలుగు పాట నిలిచింది వీళ్ళ చేతుల్లో. ఇది చెప్పి మన వాళ్ళను తిట్టాలని రాయడం లేదు. మా సంగతి చెప్పుకోవాలని రాస్తున్నాము.

మా పెద్దత్త 1998లో పోయింది. పోయే ముందర రెండు మూడేండ్లు మా ఇంట్లోనే ఉంది. నోటులో ఉన్న 11 కాక ఇంకా ఎన్నో పాటలు ఆమెకు వచ్చు. నాట్లు వేసేటప్పటివి, పిల్ల పెద్దమనిషి అయినప్పటివి, తొట్టిలి పాటలు. మేము డ్యూటీ ముగించి సైకిలు నిలబెట్టేసరికి తిన్నె మీద కూర్చుని ఉండేది.

"ఏమిరా సామీ, ఊరి సామాన్లన్నీ రాసి వస్తివా? అత్త పాట ఎప్పుడు రాస్తావు?"

"ఆదివారం రాస్తాను అత్తా."

ఆదివారం నైటు డ్యూటీ. ఇంకో ఆదివారం ఒక పెండ్లి. ఇంకో ఆదివారం ఊరికే పడుకున్నాము. ఇంట్లో టేపు రికార్డరు ఉండేది, దానిలో ఇళయరాజా పాటలు నిండి ఉండేవి. ఒక్క కాసెట్టు చెరిపి అత్త ముందర పెట్టి ఉంటే చాలు. అది కూడా తోచలేదు. సర్వీసులో ఎవరివో టెంకాయల మూటలకు, తక్కాళి బుట్టలకు, ఇనుప సామాన్లకు లక్ష రసీదులు రాసి ఉంటాము. మా ఇంటి సరుకు ఒకటి వాకిట్లో కూర్చుని ఉంది. దానికి రసీదు రాయలేదు. ఆమె చివరి దినాల్లో మాట పడిపోయింది. అప్పుడు నోటు తీసుకుని పక్కన కూర్చున్నాము. పెదవులు కదిలినాయి, పాట రాలేదు. మా చేతి మీద తట్టింది. పోనీలేరా అన్నట్టు ఉండింది. ఆ తట్టింది మేము మరవలేదు.

ఏడో పాటకు ఏమి చేసినారు అని మీరు అడుగుతారు. పొల్లాచ్చి పక్కన ఒక ఊళ్ళో మా అత్తతో కలిసి పాడిన ముసలమ్మ ఉందని విని పోయినాము. తొంభై దాటినాయి. చెవి సరిగా లేదు. మేము గట్టిగా పాడి చూపించినాము. ఆమె రాగం అందుకుంది, చేత్తో తాళం వేసింది, ఆ మాట దగ్గరికి వచ్చేసరికి పండ్లు లేని నోటితో ఏదో అన్నది. మాకు పాట అని వినిపించింది. మా ఇంటామెకు బాట అని వినిపించింది. తిరిగి వచ్చే బస్సులో ఇద్దరము దాని మీదనే వాదులాడుకున్నాము.

ఆఫీసులో ఒక నియమం ఉండేది. రిజిస్టరులో అనుమానం వస్తే దాని మీదనే దిద్దకూడదు, రుద్ది చెరపకూడదు. మొదటి రాత కనిపించేటట్టు ఒక్క గీత గీసి, పక్కన సరైనది రాసి, చిన్న సంతకం, తేదీ వేయాలి. రేపు వచ్చేవానికి ఏమి జరిగిందో తెలియాలి. మేమూ అట్లనే చేసినాము. కొత్త నోటులో పాట అని రాసి, అంచులో "బాట కూడా కావచ్చు, మూలంలో తమిళ అక్షరం" అని రాసి, సంతకం, తేదీ వేసినాము. మనవరాలు కూడా కింద తన సంతకం వేసింది. మా నాయన నోటును పారవేయలేదు, రెండిటినీ ఒకే గుడ్డలో చుట్టి పెట్టినాము.

పాత తాటాకు పుస్తకాలు ఎత్తి రాసినవాళ్ళు చివర్లో ఒక మాట రాసేవారట. వీపు వంగింది, మెడ విరిగింది, చూపు ఆనదు, ఇంత కష్టపడి రాసినాను, నూనె తగలనీయకుండా, నీళ్ళు తగలనీయకుండా దీన్ని కాపాడండి, తప్పులుంటే మన్నించండి అని. గంటంతో తాటాకు మీద గీకి, మసి పూసి అక్షరం కనిపించేటట్టు చేసినవాళ్ళ మాట అది. బాల్‌పెన్నుతో 11 పాటలు రాయడానికే మాకు మెడ పట్టుకుంది.

బంధువులకు ఒక మనవి. మీ ఇంట్లో పాడే అవ్వో అత్తో పెద్దమ్మో ఉంటే ఈ ఆదివారమే ఫోను ముందర పెట్టండి. రికార్డు చేసింది చాలు అనుకోకండి, పక్కన కూర్చుని రాయండి. ఒక్కొక్క మాటకు అర్థం అడగండి. తెలుగు రాదంటే తమిళంలోనే రాయండి, తప్పు లేదు. గ, బ, డ, ద వచ్చే చోట మాత్రం పక్కన ఒక చిన్న 3 వేయండి. మా నాయన వేయని అంకె అది.

ఇంకొకటి. రాముడు అడవికి పోయిన తరువాత ఊరికి ఏమి మిగిలిందో చెప్పే మార్గళి పాట మీ ఇంట్లో ఎవరికైనా వస్తే, చివరి మాట ఏమిటో దయచేసి మాకు చెప్పండి. నోటు అంచులో ఇంకా కొంచెం చోటు ఉంది.